ఆరడుగుల నల్ల ఫిల్మ్

"పాత రీళ్ళు దాచే ఫిల్మ్ ఆర్కైవ్‌లో డబ్బా నంబర్ 412. పాత న్యూస్‌రీల్. శత్రు ముఠా నాయకుడి ముఖం ఉన్నది ఆ ఒక్క రీల్లోనే. పొద్దున పదకొండింటికి వాళ్ళు దాన్ని నాశనం చేస్తారట, కాపాడాలి. అక్కడ మన మనిషి ఇంకొకరుంటారు. కోడ్: 'వాన వెలిసిందా?' జవాబు: 'గొడుగు ఇంకా ఆరలేదు.'"

"యెస్ చీఫ్," అన్నాడు ఏజెంట్ నైన్‌టీన్. ఆ నంబర్ అతనికి కొత్తది కాదు.

పన్నెండేళ్ళ కిందట, ఒక సహచరుడి ముఖం బయటపడకుండా ఆ రీల్లోంచి ఆరడుగులు కోసింది అతనే. దొంగతనం మాత్రం ఆర్కైవ్‌లో ఫిల్మ్ అతికించే ఉద్యోగి మెడకు చుట్టుకుంది. ఆయన ఉద్యోగం ఊడింది. వీడు నోరు మెదపలేదు. కాల్చెయ్యమన్న ముక్కను కాల్చలేక బీరువాలో టిన్ను డబ్బాలో దాచాడు. ఈరోజు ఆ టిన్నును జేబులో వేసుకున్నాడు. ఎందుకో వాడికే తెలీదు.

స్కానర్ మెకానిక్ వేషంలో వెళ్తే, ఆర్కైవ్ ఇన్‌ఛార్జి ముందు చేతికి నూలు గ్లవ్స్ ఇచ్చింది. ఆ ఉద్యోగి కూతురే ఆమె.

"స్కానర్ ఆ మూల ఉంది. ఫిల్మ్ తాకితే అంచులే పట్టుకోండి. బొమ్మ మీద వేలు పడితే మా నాన్న ఊరుకునేవారు కాదు." 412 మూత తీసి, ఫిల్మ్ పాడైతే వచ్చే వెనిగర్ కంపు ఉందేమోనని వాసన చూసింది. "పోయిన ఆరడుగుల చోట అంతే నల్ల ఫిల్మ్ అతికించి వెళ్ళారాయన. ముక్క తిరిగొస్తే దానికి చోటుండాలిగా అన్నారు."

ఏజెంట్ తల దించుకున్నాడు. సిగ్గేసింది.

పది యాభై ఎనిమిదికి నల్లకళ్ళద్దాల సుందరి, డాక్యుమెంటరీ ప్రొడ్యూసర్‌నంటూ దిగింది. "వాన వెలిసిందా?"

"గొడుగు ఇంకా ఆరలేదు."

మనిషి మనదే! కానీ ఆమె గ్లవ్స్ పక్కన పడేసి, రీల్‌ను బొమ్మల మీదే గుప్పిట పట్టింది. దాచుకోవాల్సిన ఫిల్మ్‌ని ఎవరూ అలా పట్టుకోరు. లిప్‌స్టిక్ మూత ఊడింది. ఆసిడ్! ఏజెంట్ చెయ్యి అడ్డం పెట్టాడు. గ్లవ్ కాలింది, చర్మం కాలింది, రీల్ దక్కింది.

గార్డులు లాక్కెళ్తుంటే ఆమె నవ్వింది. "ఇదే రీల్‌ని పన్నెండేళ్ళ కింద కోసింది నువ్వేగా, మన ఆఫీసు ఫైల్లో చూశాలే! నాకూ నీకూ తేడా ఏంటి?"

ఇన్‌ఛార్జి వాడి వంక చూసింది. వాడు జేబులోని టిన్ను తీసి బల్ల మీద పెట్టాడు. మూత తియ్యగానే వెనిగర్ కంపు.

"గాలాడకుండా బిగించారా? అంగుళం కుంచించుకుపోయింది," అందామె. కళ్ళు తడిశాయి. ఫోన్ కలిపి వాడి చేతిలో పెట్టింది. "నాన్నకి మీరే చెప్పండి."

చెప్పాడు, ఒక్కటీ దాచకుండా. ఇదంతా రాసి సంతకం పెడతానన్నాడు.

"అదలా ఉంచు," అన్నాడు అవతల పెద్దాయన. "కోసేటప్పుడు అంచులు పట్టుకునే కోశావా?"

ఏజెంట్ ముక్కను వెలుగుకెత్తి చూశాడు. ఏ మిషన్‌లోనూ ఆనవాలు వదలని మనిషి, దాని బొమ్మల మీద మాత్రం అయిదు వేలిముద్రలూ వదిలాడు.