స్టే తెచ్చిన జబ్బు

పొద్దున్నే మొక్కలకు నీళ్లు పోస్తున్న ఆవిడ చేతిలోంచి చెంబు లాక్కుని, ప్రభుత్వ గిడ్డంగిలో గుమస్తా అయిన మొగుడు ఆవిడను లోపలికి తరిమినంత పని చేశాడు.

"విచారణకు ఆఫీసు నుంచి వస్తున్నారు. వెళ్లి పడుకో. ఏమడిగినా ఊఁ, ఆఁ అను, అంతే."

"మోకాళ్ల నొప్పికి ఊఁ, ఆఁ ఎందుకండీ? నోరు బాగానే ఉందిగా!"

"అబ్బా, నీతో వాదించే ఓపిక నాకు లేదు. దుప్పటి కప్పుకో."

సంగతేమిటంటే, నిరుడు ఆయనకు దూరపు ఊరికి బదిలీ అయింది. ఆవిడకేమో సాయంత్రాలు వీధి పిల్లలకు లెక్కలు చెప్పడమంటే ప్రాణం. సొంత పిల్లలు లేని ఇంట్లో ఆ గోలే ఆవిడ లోకం. వాళ్లను వదిలి రాలేనని ఏడిస్తే ఆయన కోర్టుకెక్కాడు. ఇంట్లో మనిషికి జబ్బంటే బదిలీ ఆగుతుందట, మోకాళ్ల నొప్పులని రాయిస్తానన్నాడు. చిన్న అబద్ధమేగా అని ఆవిడా తలూపింది. స్టే వచ్చింది. విచిత్రం చూడండి, అప్పటి నుంచే పిల్లలు ఒక్కొక్కరే రావడం మానేశారు. పలకరిస్తే తల్లులు మొహం తిప్పుకునేవారు. తన తప్పేమిటో తెలియక ఆవిడ లోలోపలే కుమిలిపోయింది.

అధికారిణి వచ్చి, మంచం పక్కకు కుర్చీ లాక్కుని, చంటిపిల్లతో మాట్లాడినట్టు సాగదీస్తూ అడిగింది.

"భయపడకండమ్మా. ఈయన ఎవరో గుర్తుపట్టారా?"

ఆవిడ తెల్లబోయింది. "నా మోకాళ్లకీ దీనికీ ఏమిటండీ సంబంధం?"

"మోకాళ్లా?" అధికారిణి గుమస్తా వైపు తిరిగింది. "మతిస్థిమితం లేదని, మనుషుల మీద పడుతుందని కోర్టుకు చెప్పారుగా? ఇందాక పక్కింట్లో అడిగితే వాళ్లూ అదే చెప్పారు. మీరే చెప్పుకుని బాధపడ్డారట."

గుమస్తా నేలచూపులు చూశాడు. పిల్లలు ఎందుకు మానేశారో ఆవిడకు అప్పుడర్థమైంది. పిచ్చిదాని దగ్గరికి ఏ తల్లి పిల్లల్ని పంపుతుంది?

"చెప్పండమ్మా, ఎవరీయన?"

"ఇవాళ్టిదాకా గుర్తుపట్టాననే అనుకున్నానండీ!" ఆవిడ దుప్పటి విసిరికొట్టి లేచి నిలబడింది. "నాకే జబ్బూ లేదు. మోకాళ్లు కూడా లక్షణంగా ఉన్నాయి. అలాగే రాసుకోండి."

స్టే ఇక నిలవదని, కోర్టుకు సంజాయిషీ చెప్పుకోవాల్సి వస్తుందని గుమస్తాకు చెప్పి అధికారిణి వెళ్లిపోయింది.

"కొంప ముంచావు కదే!"

"ముంచింది నేనా? ఎంత మాటన్నారండీ నన్ను! పిచ్చిదాన్నా నేను?"

"మోకాళ్లకి స్టే ఇవ్వరన్నాడు లాయరు. నీ కోసమేగా చేశాను! పిల్లల్ని వదిలి రానన్నది నువ్వు కాదూ?"

"ఆ పిల్లలే నన్ను చూసి పారిపోయేలా చేశారు. రోజూ గుమ్మంలో కూర్చుని వాళ్ల కోసం ఎదురుచూస్తుంటే, తెలిసి కూడా చోద్యం చూశారు. మీకు మనసెలా ఒప్పిందండీ?"

ఆయన కిందపడ్డ దుప్పటి తీసి మడతపెట్టబోతే ఆవిడ లాక్కుంది.

"కోర్టు సంగతి తర్వాత. ముందు పక్కింటికెళ్లి నేను బాగున్నానని చెప్పి రండి. మీ నోటితోనే చెప్పాలి."

కాళ్లీడ్చుకుంటూ వెళ్లాడు. ఆవిడ ప్రహరీగోడ దగ్గర నిలబడి వింది.

"మా ఆవిడకు ఏమీ లేదండీ. బదిలీ ఆపుకోవడానికి నేనే అబద్ధమాడాను."

"మాకు తెలుసులెండి అన్నయ్యగారూ," పక్కింటావిడ గొంతు నిండా జాలి. "పెళ్లాన్ని ఇంతలా వెనకేసుకొచ్చే మనిషిని నేనెక్కడా చూడలేదు. మీ ఓపికకు దణ్ణం పెట్టాలి. పిల్లల్ని మాత్రం పంపలేను, ఏమీ అనుకోకండి."

తిరిగొచ్చినవాడి మొహంలో నెత్తుటి చుక్క లేదు.

"నమ్మలేదే! నిజం చెబితే నమ్మలేదు. నీకెంత అన్యాయం చేశాను!" గుమ్మంలోనే కూలబడి భోరుమన్నాడు.

ఆవిడకు కోపం పోలేదు. అయినా, ఇన్నాళ్లూ తాను ఒక్కతే పడ్డ బాధ ఆయనకు ఇప్పటికి అర్థమైందని తెలిసేసరికి ఏడుపు ఆగలేదు. ఆయన పక్కనే కూర్చుని కరువుతీరా ఏడ్చింది. తర్వాత కళ్లు తుడుచుకుని చెప్పులేసుకుంది.

"లేవండి. ఈసారి నేనూ వస్తాను. నమ్మేదాకా ఇద్దరం చెబుదాం."