గుమ్మం దగ్గర బిగుసుకున్న కార్పెట్

"తోయండి!"

"తోస్తూనే ఉన్నాను. ముందు మీరు నా కాలు తొక్కడం ఆపండి!"

వీధి తలుపు బెత్తెడు తెరుచుకుని ఆగిపోయింది. లోపల, మోకాలి ఆపరేషన్ అయిన నానమ్మ. బయట వానలో, పళ్ళ డాక్టరైన మనవరాలు, కార్పెట్ షాపు యువకుడు.

అంతా క్షణంలో జరిగిపోయింది. కార్పెట్ చుట్టను నడవాలో దించి, అడుగున వేసే రబ్బరు పట్టీ కోసం ఇద్దరూ వ్యాన్ దగ్గరికి వచ్చారు. ఈలోగా గాలికి తలుపు మూసుకుంది. ఆత్రం ఆపుకోలేని నానమ్మ చేతికర్రతో చుట్టను ఒక్క తోపు తోసింది. అది దొర్లుకుంటూ గుమ్మం దాకా పరుచుకుంది. ఇక తలుపు లోపలికి కదిలితే ఒట్టు.

"నానమ్మా, లేవకు! పడిపోతావ్!"

"కుర్చీలో కూర్చున్నానే తల్లీ. కాళ్ళకింద పూలరాశిలా మెత్తగా ఉంది. మీ వాన సంగతి మీరు చూసుకోండి."

డాక్టరమ్మ అతని మీద విరుచుకుపడింది. "తలుపు కింద సందు కొలిచింది మీరేగా? ఇంత మందంది ఎందుకు తెచ్చారు?"

"నేను ఎంచింది పలచటిదండీ. నిన్న ఎవరో షాపుకి ఫోన్ చేసి మందంది పంపమన్నారట. ఇప్పుడే ఓనర్ని అడిగాను."

"ఎవరట?"

"ఈ ఇంటి నుంచేనట. ఆడగొంతట."

"నన్ను కలపకండి బాబూ!" లోపలి నుంచి కేక. "నాకు ఫోన్ ఎత్తడమే వచ్చు, చెయ్యడం రాదు!"

అతను వానలోకి చూస్తూ మెల్లగా అన్నాడు. "సాయంత్రం ఎండ పడితే తేనెరంగు తేలేదే కావాలని కూడా అడిగారట."

ఆమె చూపు తిప్పుకుంది.

ఆ మాట అతనిదే. పోయిన వారం, ఇదే నడవాలో, నమూనా ముక్కలు పరిచి ఇద్దరూ నేల మీద కూర్చున్నారు. "రంగును షాపు లైట్లలో చూడకూడదండీ. ఏ ఇంటికి వెళ్తుందో ఆ ఇంటి వెలుగులో చూడాలి. సాయంత్రం ఎండ పడితే ఇది తేనెరంగు తేలుతుంది," అన్నాడతను. చివరి కిటికీలోంచి ఎండ పాకుతూ వచ్చింది. ముక్క మీద వాలింది, అతని వేళ్ళ మీద వాలింది. గోడలు కరిగిపోయి ఇల్లంతా తేనెలో తేలుతున్నట్టుంది. ఆమె కన్నార్పకుండా చూసింది. ముక్కను మాత్రం కాదు.

"తలుపు కింద సందుకి మించిన మందం వేస్తే మార్చడానికి మళ్ళీ నేనే రావాలి," అని అతను నవ్వింది కూడా అప్పుడే.

"మార్చేస్తే సరిపోతుంది కదా," అందామె ఇప్పుడు, గొంతు తగ్గించి.

"మార్చడానికి నేనుండనండీ. ఇప్పటికే మీరు రెండు కార్పెట్లు తిప్పి పంపారు. ఇదీ వెనక్కొస్తే నన్ను వేరే ఊరి బ్రాంచికి పంపేస్తానన్నాడు ఓనరు. రేపే."

ఆమె తలుపు తోయడం మానేసింది.

"విన్నానర్రా," అంది నానమ్మ. "నా కర్ర వంకీతో అంచు పట్టి లాగితే తలుపు చిటికెలో తెరుచుకుంటుంది. కానీ లాగను. దొంగెవరో తేలాలి."

"నానమ్మా!"

"ఊళ్ళో వాళ్ళందరి నోళ్ళూ తెరిపిస్తావుగా. నీది తెరవడానికి ఏం రోగం?"

అతను ముందుకొచ్చాడు. "నేనేనండీ! చూసుకోకుండా తెచ్చాను. తప్పు నాదే."

"నీకు అబద్ధం అతకదబ్బాయ్."

డాక్టరమ్మ అతనికేసి చూసింది. కనురెప్పల మీద వాన చుక్కలు. తనని కాపాడటానికి ఈ ఊళ్ళో ఉద్యోగాన్ని గుమ్మంలో పారేస్తున్నాడు, తాపీగా, ఎండ కోసం ఎదురుచూసిన ఆ సాయంత్రం లాగే.

"మీ ఓనరుకి ఫోన్ కలపండి."

"ఎందుకండీ?"

"కలపమన్నానా?"

కలిపాడు. ఆమె ఫోన్ లాక్కుంది. లోపల నేల మీద కర్ర వంకీ గీరుకుంది. తలుపు ఇంకో బెత్తెడు జరిగింది.

"నిన్న మీకు ఫోన్ చేసిన ఆడగొంతు ఇదేనండీ," అంది, వీధి చివరిదాకా వినిపించేలా. "మొదటి రెండూ బంగారంలా ఉన్నాయి. మీ షాపు అబ్బాయి తప్పేం లేదు. అతను మళ్ళీ మళ్ళీ మా ఇంటికి రావాలని ఇదంతా చేసింది నేనే!"