పిలిస్తే పలికే పేరు

ఆ పేరు ఇక్కడ చెప్పను. రెండక్షరాలు, అంతే. మా ఆవిడ ఫోన్‌లో వెతికి వెతికి పట్టుకుంది. 'తొలి వెలుగు' అని పక్కన అర్థం రాసి ఉంది. నోరు తిరిగే పేరు పెట్టారు, అదే పదివేలు అన్నారు మా అత్తగారు. నెల కూడా నిండని పాపని పొద్దస్తమానం ముగ్గురం ఆ పేరుతోనే పిలిచేవాళ్ళం. పిలిచినప్పుడల్లా పాప మా వైపు కాకుండా వీధి తలుపు వైపు చూసేది. చూపు ఇంకా నిలవలేదులే అనుకున్నాం.

జనన పత్రంలో ఎక్కాక మార్చాలంటే తలప్రాణం తోకకొస్తుంది, ముందు ఆ అర్థం నిజమో కాదో కనుక్కోమంది మా ఆవిడ. ఏ నిఘంటువులోనూ ఆ మాట లేదు. ఒక సైట్‌లో 'వెన్నెల' అని ఉంది, ఇంకోదాంట్లో 'నది' అని. ఎవరికి తోచింది వాళ్ళు రాసేశారు. సాయంత్రం ముసురులోనే, పక్కవీధిలో ఉండే పాతభాషల మాస్టారి దగ్గరికి వెళ్ళాను. పేరు వినగానే ఆయన లేచి కిటికీ మూసేశారు.

"ఇది పేరు కాదు బాబూ, పిలుపు. పోయినవాళ్ళని ఇంటికి రమ్మని పిలిచే మాట."

ఎన్నిసార్లు పిలిచారని అడిగారు. లెక్కలేదన్నాను. ఇక పిలవకండి అని మాత్రం అన్నారు.

ఇంటికొచ్చి చెప్పాను. చాదస్తం అని అత్తగారు కొట్టిపారేశారు గానీ, ఆ పేరు మళ్ళీ ఎత్తలేదు.

కాసేపటికే పాప పాలు వదిలేసింది. ఒళ్ళు చల్లబడింది. డాక్టరుకి ఫోన్ చేస్తే, రోడ్డు మీద నీళ్ళు నిలిచిపోయాయి, ఎలాగోలా వస్తున్నా, అంతవరకూ ఒంటికి హత్తుకుని ఉంచండి అన్నాడు. హత్తుకున్నాం. దుప్పట్లు కప్పాం. అరికాళ్ళు రుద్దాం. పెదాలు నీలం తిరిగాయి. నేను వద్దనేలోపే మా ఆవిడ పాప చెవిలో ఆ పేరు పిలిచింది.

పాప ఊపిరి తీసుకుంది.

అవతల వీధి తలుపు గడియ... జారింది.

మళ్ళీ చల్లబడింది. మా ఆవిడ మళ్ళీ పిలిచింది. ఈసారి హాల్లో అడుగులు... తడికాళ్ళ అడుగులు. ఏళ్ళ తరబడి తెరవని పెట్టెలోంచి వచ్చే వాసన. గది తలుపు మూసి వీపు ఆనించాను. చెక్క అవతల ఏదో ఆగింది. ఊపిరి లేదు. ఊరికే... ఆగింది.

పాప కళ్ళు తేలేసింది.

"ఇంకోసారి పిలిస్తే లోపలికొచ్చేస్తుంది," అన్నాను గుసగుసగా.

"రానీండి," అంది మా ఆవిడ. "నా బిడ్డ బతికితే చాలు."

డాక్టరు జాడ లేదు. పాప గుండె మీద చెవి పెట్టిన అత్తగారు తలెత్తి నా వైపు చూశారు. తల అడ్డంగా ఊపారు.

తలుపుకి అడ్డంగా నిలబడ్డ నేనే... పిలిచాను.

పాప కెవ్వుమంది. తలుపు కదల్లేదు. అడుగుల చప్పుడూ లేదు. వాన ఒక్కటే. నేను అక్కడే కూలబడ్డాను. మా ఆవిడ నోట్లో కొంగు కుక్కుకుని ఏడుస్తోంది. అత్తగారు పాపని భుజాన వేసుకుని, గండం గడిచింది తల్లీ, గడిచింది అంటూ తనూ వెక్కి వెక్కి ఏడవసాగారు.

పాప ఏడుపు ఆపింది.

అత్తగారి వీపు మీద ఆ చిన్న చెయ్యి లేచింది. మెల్లగా... పెద్దవాళ్ళలాగే...

ఆవిడకి జోకొడుతోంది.