చివరి పన్నెండు ఆదేశాలు

1954 నవంబరు 10, బుధవారం. ఉదయం 9.10. మాంచెస్టర్.

లెక్కల యంత్రం ఉన్న లాబ్‌లో ఈనిడ్ త్రెల్ఫాల్ సొరుగు తాళం పగిలి ఉంది. లోపల ఉండాల్సిన, యంత్రానికిచ్చే ఆదేశాలను చిల్లులుగా గుచ్చిన కాగితపు టేపు లేదు. నోట్‌బుక్ కూడా లేదు.

రెండేళ్ల పని. మనం కాగితం మీద రాసుకునే సూత్రాన్ని యంత్రమే తన భాషలోకి మార్చుకునే ప్రోగ్రామ్ అది.

పదకొండింటికి ఆమె తోటి ఉద్యోగి సిరిల్ పౌనాల్ అలాంటి టేపే తెచ్చి లాబ్ పెద్ద ప్రొఫెసర్ గార్‌సైడ్ ముందు పెట్టాడు. తానే రాశానన్నాడు.

మూడింటికి డిటెక్టివ్ సార్జెంట్ హెస్కెత్ ముగ్గురినీ యంత్రం దగ్గరికి పిలిచాడు.

"ఆవిడ టేపు పోయిన రోజే మీ టేపు పుట్టింది. విచిత్రంగా లేదూ?"

"ఆవిడ టేపు ఎవరు చూశారు సార్?" పౌనాల్ నవ్వాడు. "ఎలుకలు తినుంటాయి. కాగితమేగా!"

హెస్కెత్ ఈనిడ్‌ని అడిగాడు. "ఎవరికైనా చూపించారా, మిస్?"

"లేదండీ."

"ఎవరికైనా చెప్పారా?"

"చెప్పడానికి... ఎవరూ లేరండీ."

సాక్షి లేడు. ఐదింటికి ఈ ప్రోగ్రామ్ గురించిన రిపోర్టు లండన్ వెళ్లాలి. దాని మీద ఒకే పేరు ఉంటుంది.

"ఈ టేపుతో ఒక లెక్క నడపండి," అన్నాడు హెస్కెత్.

3.20. యంత్రం జవాబు అచ్చు వేసింది. వెంటనే దాని స్పీకర్ మోగింది. టక్ టక్. కాస్త ఆగి, టక్.

ఆ యంత్రం ఎప్పుడూ ఏదో ఒక చప్పుడు చేస్తూనే ఉంటుంది. ప్రొఫెసర్, పౌనాల్ పట్టించుకోలేదు.

"ఆ చప్పుడు ఏ ఆదేశాల వల్ల వచ్చింది?" హెస్కెత్ అడిగాడు.

ప్రొఫెసర్ టేపులోని ఆదేశాల జాబితా మీద వేలు పెట్టి వెతికాడు. "చివరి పన్నెండు."

"అవి ఎందుకు, పౌనాల్ గారూ?"

"దశాంశాలు సరిచేయడానికి." తడుముకోలేదు.

"తీసేసి నడపండి."

3.50. అదే జవాబు. చివరి అంకె దాకా అదే. చప్పుడు మాత్రం లేదు.

"అవి దేన్నీ సరిచేయడం లేదే!" అన్నాడు ప్రొఫెసర్. "నువ్వు రాసింది నీకే తెలియదా?"

పౌనాల్ తన సంచిని దగ్గరికి లాక్కున్నాడు.

హెస్కెత్ ఈనిడ్ వైపు తిరిగాడు. "ఇందాక చప్పుడు రాగానే మీరొక్కరే తలుపు వైపు చూశారు. ఎందుకు?"

ఆమె ముఖం మెడ దాకా ఎర్రబడింది. నోరు విప్పితే పని దక్కుతుంది. కానీ ఆ మాట ఇంతమందిలో ఎలా చెప్పడం?

"చెప్పమ్మా," అన్నాడు ప్రొఫెసర్.

"లెక్క అయిపోగానే ఎవరో తలుపు తట్టినట్టు ఉంటుందని పెట్టానండీ. ఇక్కడైనా, నేనుండే గదిలోనైనా... నా కోసం ఎవరూ తట్టరు."

పౌనాల్ తన సంచిలోంచి ఆమె నోట్‌బుక్ తీసి బల్ల మీద పెట్టాడు.

ప్రొఫెసర్ రిపోర్టు మీద పౌనాల్ పేరు కొట్టేసి ఈనిడ్ పేరు రాశాడు.

"ఆ పన్నెండూ మళ్లీ కలిపేద్దామా అమ్మా?"

"వద్దండీ," అంది ఈనిడ్. "ఇక అది తట్టినప్పుడల్లా, నిజంగా ఎవరూ రాలేదని మీ అందరికీ తెలిసిపోతుంది."