ఆఖరి స్తంభం దగ్గర ఆదెమ్మ

పొదిలి వైపు ఒక మునసబు కోర్టు ఉంది—ఊరి పేరు చెప్పను. దీపాలు పెట్టాక దాని వరండా ఆఖరి స్తంభం దగ్గరికి ఎవరూ పోరు. అక్కడ ఒక రాత్రి ఆడమనిషి ఏడుపు వినపడిందని, ఆ మనిషి బతికున్న మనిషి కాదని చెప్పుకుంటారు.

కోర్టన్నాక ఏడుపులు మామూలే. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికెళ్లి ఏడుస్తాడంటారు. ఈ ఏడుపు సంగతి వేరు. నాకు చెప్పింది అక్కడ బంట్రోతుగా చేసిన బుడాన్.

ఎనభయ్యారులో హైకోర్టు నుంచి తాఖీదు వచ్చింది—పదేళ్లు దాటిన సివిల్ దావాలన్నీ వేసవి సెలవులలోపు తేల్చెయ్యాలని. ఏళ్ల తరబడి నిద్రపోయిన కట్టలన్నీ ఒక్కసారి లేచాయి. పొద్దుగూకినా లాంతర్లు పెట్టి మరీ పిలుస్తున్నారు. మూడు పిలుపులకీ పలక్కపోతే దావా కొట్టేయడమే!

ఆ రాత్రి కరెంటు లేదు. గుమస్తా అందించిన చీటీలో పేరు బుడాన్ రెండుసార్లు చదివాడు.

ఆదెమ్మ...

మోతుబరి కలిపేసుకున్న అరవై సెంట్ల చేను కోసం పంతొమ్మిదేళ్లు ప్రతి వాయిదాకూ తొమ్మిది మైళ్లు నడిచొచ్చిన కూలిమనిషి. రెండు నెలల కింద గుంటూరు పెద్దాసుపత్రిలో ఆమె ముఖం మీద దుప్పటి కప్పుతుంటే, వేరే పని మీద అక్కడికెళ్లిన బుడాన్ కళ్లారా చూశాడు. ప్లీడరే చెప్తాడులే అని ఊరుకున్నాడు. ప్లీడరేమో ఆ పూట రానేలేదు.

అయినా పిలవాలి కదా.

"ఆదెమ్మా..."

వరండా ఈ చివర్నుంచి ఆ చివరికి చూశాడు.

"ఆదెమ్మా..."

మిరప కళ్లాల మీంచి ఘాటుగాలి వీచింది. లాంతరు రెపరెపలాడింది. మూడోసారి సగం గొంతుతో పిలిచాడు.

"ఉన్నానయ్యా... ఎక్కడికి పోతానూ!"

పంతొమ్మిదేళ్లూ ఆదెమ్మ చెప్పిన జవాబే... అదే సాగదీత. ఆఖరి స్తంభం వెనక—ఆమె నీలం చుక్కల చీర!

లోపల జడ్జిగారు 'హాజరు' అని రాయించి మర్నాటికి వాయిదా వేశారు. బుడాన్ లాంతరెత్తి స్తంభం వైపు నడిచాడు. ఆ చీర ముసుగు మెల్లగా జారింది...

ఆదెమ్మ కాదు. కూతురు సంతోషకుమారి.

"ఎవరికీ చెప్పకు బాబాయ్," గుసగుసగా అంటూ చేతులు జోడించింది. "మనిషి పోతే దావా కూడా పోద్దంటగా. అందుకే అమ్మని గుంటూరులోనే మట్టి చేశా. చర్చి గంట కూడా కొట్టించలా. ఊళ్లో అడిగితే ఇంకా ఆసుపత్రిలోనే ఉందని చెప్తన్నా."

బుడాన్ నెత్తి కొట్టుకున్నాడు.

"పిచ్చిపిల్లా! ఎవరు చెప్పారే నీకు? దావా ఎక్కడికీ పోదు. కూతురినని అర్జీ పెట్టుకుంటే అమ్మ చోట నీ పేరు ఎక్కిస్తారు. ఇంకా గడువుంది. పొద్దున్నే ప్లీడరుకి నిజం చెప్పు."

ఆమె అమ్మ చీర కొంగు చేతిలోకి తీసుకుంది.

"అయితే... అమ్మ పోయిన రోజే నేను ఏడ్చుండొచ్చా, బాబాయ్?"

స్తంభం పట్టుకుని కూలబడింది. రెండు నెలలు దాచుకున్న ఏడుపు ఒక్కసారిగా బయటికొచ్చింది. ఆ రాత్రి బజారు దాకా వినపడింది అదే.