వెనక్కి గీసిన గీత

నగరిలో మా అక్క ఇంటి వెనకాల రేకుల షెడ్డు ఒకటి ఉంది. అందులో నాలుగు మరమగ్గాలు. ఆ వీధిలో అందరివీ అలాంటి ఇళ్ళే. ముందు కాపురం, వెనక మగ్గాలు. కరెంటు ఉన్నంతసేపూ వీధంతా టకటకమంటూనే ఉంటుంది. బయటి ఊరివాళ్ళకు తల పగిలిపోతుంది. మాకు మాత్రం ఆ చప్పుడు ఆగిపోతేనే మెలకువ వస్తుంది.

ఆ ఆదివారం సాయంత్రం కరెంటు లేదు. కార్తీకమాసపు ముసురు. వీధి మొత్తం నోరు మూసుకుని కూర్చున్నట్టుంది. అమ్మ రమ్మంటే నేను తిరుపతి నుంచి బస్సులో వచ్చాను. అక్కడ ఒక ఆసుపత్రి రిసెప్షన్‌లో పనిచేస్తూ హాస్టల్లో ఉంటున్నాను. అమ్మ ఉండేది అదే వీధి చివర. నాయన పోయినప్పటి నుంచి ఒంటరిగానే. అక్క పోయాక మాత్రం రోజూ వచ్చి బావకు వంట చేసిపెట్టి వెళుతోంది.

అక్క ఇంట్లోనే, బావ బయటికి పోయిన వేళ చూసి, కాఫీ గ్లాసు నా చేతికిచ్చి అమ్మ నేరుగా విషయానికి వచ్చింది.

"మీ బావను సేసుకోవే చంద్రికా. బిడ్డా పాపా లేదు. ఆయప్పకు మనం తప్ప ఎవురుండారు?"

గ్లాసు కింద పెట్టేశాను. అక్క పోయింది ఆషాఢంలో. ఆమె చీరలు ఇంకా దండెం మీదే ఉన్నాయి. ఆమె పౌడరు డబ్బా అద్దం ముందు అలాగే ఉంది. ఆ ఇంట్లో ఆమె బదులు నన్ను నిలబెడతారట. మగ్గానికి అరిగిపోయిన బెల్టు తీసి కొత్తది తగిలించినట్టు.

"ఇంకోసారి ఆ మాటంటే ఈ ఇంటికే రాను," అన్నాను.

అమ్మ గొంతు పెంచలేదు. "కోపం అదే తగ్గిపోతాది. కొంచేపు పడుకో," అని, అక్క ఫోను నా ఒళ్ళో పెట్టి వంటింట్లోకి పోయింది. "ఇది నువ్వే పెట్టుకో. ఆయప్ప దీన్ని సూడలేకుండా ఉండాడు."

మా అక్క పేరు వనజాక్షి. ఆమె ఎట్లా పోయిందో అందరూ నాకు ఒకే మాటగా చెప్పారు. మగ్గం ఆడుతుండగా నాడె ఎగిరి తలకు తగిలిందని. నాడె అంటే పడవలా ఉండే కర్ర ముక్క. రెండు కొసలకూ ఇనుప మొనలుంటాయి, లోపల నూలు కండె ఉంటుంది. మగ్గంలో అది అటూ ఇటూ తూటాలా పరుగెడుతుంది. అప్పుడప్పుడు ఎగురుతుంది కూడా. మా వీధిలో పళ్ళు పోయినవాళ్ళున్నారు, కన్ను పోయినవాళ్ళున్నారు. అందుకే ఎవరూ ఏమీ అడగలేదు. నేను తిరుపతి నుంచి వచ్చేసరికి అక్క తలకు గుడ్డ చుట్టేసి, పూలదండలు వేసేసి ఉన్నారు. చీకటి పడకముందే అంతా అయిపోయింది.

ఫోను తెరిచాను. మొదటి వరుసలోనే ఆ గేము కనిపించింది.

అక్కకు అదంటే ప్రాణం. ఒక గది ఉంటుంది, అందులో తుపాకీ పట్టుకున్న చిన్న బొమ్మ. ఎక్కడో మూలన శత్రువు. మధ్యలో గోడలు, పెట్టెలు అడ్డం. మన దగ్గర ఒకే గుండు. అది గోడకు తగిలి, ఇంకో గోడకు తగిలి, తిరిగి తిరిగి శత్రువును కొట్టాలి. నేను ఆగిపోయినప్పుడల్లా ఆ తెరను ఫోటో తీసి ఆమెకు పంపేదాన్ని. మగ్గాల మోతలో అరుస్తూ వాయిస్ మెసేజ్ పెట్టేది.

"తుపాకీని సూడొద్దే. తగలాల్సిన తావును సూడు. ఆడ నుంచి ఎనక్కి గీత గీసుకుంటా రా. గోడ వచ్చిందా, ఎంత వాలుగా వచ్చిందో అంతే వాలుగా అవతలికి మళ్ళించు."

ఇంకా కష్టమైతే, "గోడను అద్దం అనుకో. అద్దంలో వాడి బొమ్మ యాడ కనపడతాదో ఆడికి గురి పెట్టు," అనేది. నేను ఎప్పుడూ నేరుగా కనిపించే సందులోంచే కొట్టబోయి ఓడిపోయేదాన్ని. అప్పుడు నవ్వేది. "నేరుగా కనపడే దారి మనల్ని మోసం సేసేకి పెట్టిందే. అది ఇడిసిపెట్టు ముందు."

గేము తెరవగానే ఆమె సగంలో వదిలేసిన ఆట వచ్చింది.

నేను ఎప్పుడూ చూడని ఆట. పొడుగాటి గది. రెండు వరుసల్లో నాలుగు పెట్టెలు. ఒక మూల తలుపు. దానికి దూరంగా, అవతలి కొసలో చివరి పెట్టె వెనక నిలబడింది శత్రువు. గోడ వైపు వీపు పెట్టి, తల వంచుకుని, ఏదో చూసుకుంటోంది. ఆ గేములో శత్రువులందరూ నల్ల కోట్లు వేసుకున్న మగవాళ్ళే. ఇక్కడున్నది ఆడమనిషి.

తుపాకీ బొమ్మ ఆ చివరి పెట్టె పక్కనే ఉంది. నేరుగా కొట్టాను. తగల్లేదు. గుండు అడ్డంగా పోయి పక్క గోడకు కొట్టుకుని ఆగిపోయింది. కోణం కొంచెం మార్చాను. మళ్ళీ అంతే. ఎన్నిసార్లు కొట్టానో తెలీదు. గుండు ఆమె ముందు నుంచే పోతోంది. ఆమె తల వెనక మాత్రం ఒక చిన్న ఎర్ర చుక్క వెలుగుతోంది. తగలాల్సిన తావు అదే అన్నట్టు.

అక్క చెప్పినట్టు వెనక్కి వచ్చాను. ఎర్ర చుక్క దగ్గర వేలు పెట్టాను. అక్కడి నుంచి వెనక గోడకు. వెనక గోడ నుంచి పక్క గోడకు. పక్క గోడ నుంచి గీత పొడుగ్గా, ఏ పెట్టెకూ తగలకుండా సాగి...

తలుపు దగ్గర ఆగింది.

ఆ గేములో తుపాకీ బొమ్మ నిలబడ్డచోటు నుంచి కదలదు. మనం కదిలించలేం. నా వేలు తలుపు మీద పడగానే అది నడిచింది. మెల్లగా, పెట్టెల మధ్య నుంచి నడుచుకుంటూ పోయి తలుపు దగ్గర నిలబడింది.

నేను కొట్టలేదు. గుండు దానంతట అదే బయలుదేరింది. పక్క గోడ. వెనక గోడ. ఆడమనిషి పెట్టె మీదికి ముందుకు పడిపోయింది.

గెలిచావని రాలేదు. ఓడిపోయావనీ రాలేదు. తెర అలాగే ఉండిపోయింది.

నాలుగు పెట్టెలు, మూలన తలుపు. ఆ గది ఏదో నాకు అప్పుడు తెలిసింది.

షెడ్డు తలుపు తోశాను. గంజి వాసన, మిషను ఆయిలు వాసన. వాటి కింద ఇంకేదో... తడిసిన ఇనుములాంటి వాసన. రేకుల మీద వాన సన్నగా పడుతోంది. ఫోను లైటు వేసి నడిచాను. అక్క మగ్గం చివరిది. దాని మీద బట్ట కోసేశారు, నిలువు దారాల పడుగు కూడా తీసేశారు. ఎముకల గూడులా ఉంది.

పక్క గోడ మీద లైటు వేసి వెతికాను. నా భుజం ఎత్తున సున్నం రాలి, నిమ్మకాయంత గుంట. అంచులు ఇంకా తెల్లగానే ఉన్నాయి. వెనక గోడకు తిప్పాను. అక్కడ ఇంకొకటి. దానికి ఎదురుగా, జానెడు దూరంలో, అక్క నిలబడే చోటు.

మగ్గంలోంచి ఎగిరిన నాడె అడ్డంగా పోతుంది. ముందుకైనా రావచ్చు. వెనక గోడకు పోయి వెనక నుంచి రాదు. గుంటకూ గుంటకూ మధ్య చూపుతోనే గీత గీసుకుంటూ వెనక్కి తిరిగాను. గీత తలుపు దగ్గర ఆగింది.

తలుపులో మా బావ నిలబడి ఉన్నాడు.

ఏకాంబరం బావ గట్టిగా మాట్లాడే మనిషి కాదు. వీధిలో అందరికీ మంచివాడు. తల తుడుచుకుంటూ, "సీకట్లో ఏం సేస్తా ఉండావు?" అన్నాడు.

"బావా, నాడె యాడ నుంచి వచ్చింది?"

"మగ్గంలోంచి. తెలుసు కదా నీకు."

"కాదు. నువ్వు ఇప్పుడు నిలబడిన తావు నుంచి."

అరుస్తాడనుకున్నాను. ఏడుస్తాడనుకున్నాను. రెండూ చెయ్యలేదు. అలసిపోయినట్టు తలుపుకు ఆనుకున్నాడు.

"ఆయమ్మను కొట్టాలని కాదు. గోడకేసి కొట్టినా. పోగులు తెగి బట్ట పాడైపోతా ఉంటే, ఫోన్లో ఆ బొమ్మలాట ఆడుకుంటా ఉండాది. పిలిస్తే తల ఎత్తలా. సేతిలో నాడె ఉండె. ఇసిరినా. అది అట్లా తిరిగొస్తాదని నాకేం తెలుసు?"

బట్ట పాడైపోయిందట. పిలిస్తే తల ఎత్తలేదట. నా చెవులు మండిపోయాయి. నాలుగు నెలలుగా ఈ మనిషి ముందు కూర్చుని నేను ఓదార్పు మాటలు చెప్పాను. ఈ మనిషికే నన్ను కట్టబెట్టాలని మా అమ్మ...

"అమ్మకు సెప్తా," అన్నాను. "వీధిలో అందరికీ సెప్తా."

"మీ అమ్మకు తెలుసు," అన్నాడు బావ. "కడసారి నీళ్ళు పోసింది ఆమే కదా. దెబ్బ యాడుండాదో సూసింది. గుడ్డ సుట్టింది కూడా ఆమే. బయట పెడితే రెండో కూతురి బతుకు ఏమైపోతాదని అడిగింది నన్ను."

అప్పుడు నాకు వచ్చింది కోపమో ఇంకేదో చెప్పలేను. నా ఒక్కదానిదే కాదనిపించింది, అంత పెద్దగా ఉంది. చేతిలో ఫోను కాలిపోతోంది. కింద పడేశాను. లైటు ఆరిపోయింది.

టక్.

నా పక్కనే.

టక్... టక్...

తలుపులోంచి పడే మసక వెలుతురులో అక్క మగ్గం కదులుతోంది. కరెంటు లేదు. పడుగు లేదు. మోటారు తిరగడం లేదు. నాడెను తోసే చేతికర్ర మాత్రం కొట్టుకుంటోంది. అటు. ఇటు.

"ఆపు," అన్నాడు బావ గుసగుసగా.

"నేను ముట్టుకోలేదు."

టకటక. టకటక. వేగం పెరిగింది. నేల అదిరింది. మిగతా మూడు మగ్గాలూ కదలకుండా, చూస్తున్నట్టు ఉన్నాయి. ఏదో సర్రున నా చెంప పక్కనుంచి పోయింది. ఎదురుగోడకు కొట్టుకున్న చప్పుడు. సున్నం రాలిన చప్పుడు.

నేను కళ్ళు మూసుకున్నాను. మూసుకున్నా గీత కనిపిస్తోంది. ఎంత వాలుగా పోయిందో అంతే వాలుగా... రెండో గోడ. చప్పుడు. అక్కడి నుంచి ఎక్కడికి పోతుందో నాకు తెలుసు. అది తగిలేలోపు ఒక మాట పట్టేంత సమయం ఉంది. పక్కకు జరుగు బావా, అంటే చాలు.

నేను అనలేదు.

మూడో చప్పుడు మెత్తగా వచ్చింది.

మగ్గం ఆగిపోయింది. వాన కూడా ఆగినట్టుంది. అమ్మ దీపం పట్టుకుని పరుగెత్తుకొచ్చేసరికి బావ గడప మీద బోర్లా పడి ఉన్నాడు. కుడిచెవి వెనక నుంచి నెత్తురు. నాడె పక్కనే ఉంది. మొన మీద ఒక వెంట్రుక. పొడుగాటిది.

బావ చనిపోలేదు. తిరుపతి పెద్దాసుపత్రిలో పడుకుని ఉన్నాడు. కళ్ళు తెరుస్తాడు, మాట రాదు. పక్కన గోడ ఉంటే వణుకుతాడట. అందుకని మంచం గది మధ్యలోకి జరిపారు. వీధిలో అందరూ ఏమనుకున్నారో తెలుసా? నాడె ఎగిరి తగిలింది, పాపం. కరెంటు లేనప్పుడు నాడె ఎట్లా ఎగిరిందని ఒక్కరు అడగలేదు. అక్క గురించి అడగనివాళ్ళు ఆయన గురించి మాత్రం ఎందుకు అడుగుతారు?

ఆ రాత్రి అమ్మను ఒకే ప్రశ్న అడిగాను. "నీళ్ళు పోసేటప్పుడు నీ సేతులు ఎట్లా ఆడినాయి?" అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నేను తిరుపతి వచ్చేశాను. ఆమె ఫోను చేస్తే ఎత్తడం మానేశాను. అవును, ఇప్పటికీ మండుతూనే ఉంది. చచ్చిపోయిన బిడ్డ దెబ్బను గుడ్డతో కప్పి, కొట్టినవాడికి అన్నం వండిపెట్టిన మనిషి ఆమె.

నిన్న మధ్యాహ్నం మా ఆసుపత్రిలో జనం లేని వేళ ఫోను మోగింది. అమ్మే. ఎందుకో ఎత్తాను.

"చంద్రికా," అంది. గొంతు చాలా తగ్గించి మాట్లాడుతోంది. "తిన్నావా?"

"ఏం పని సెప్పు."

"కోపం పోలేదా ఇంకా?" అదే గుసగుస. "నేను పొద్దుట్నుంచి ఏమీ తినలా. పొయ్యి కూడా ముట్టీలా."

"ఏం, ఒళ్ళు బాగలేదా? లేసి కొంచెం అన్నం వండుకో."

"లేసేకి కుదర్దే."

"ఎందుకు కుదర్దు? ఎందుకమ్మా అట్లా గుసగుసలాడతా ఉండావు? ఇంట్లో ఎవురుండారు?"

అవతల ఎవరి తలనో నిమురుతున్నట్టు, జుట్టు మీద చెయ్యి మెల్లగా కదిలిన చప్పుడు వినిపించింది.

"మెల్లిగా మాట్లాడే," అంది అమ్మ. "నా ఒళ్ళో తల పెట్టుకోని మీ అక్క ఇప్పుడే కండ్లు మూసింది. నువ్వు వచ్చిందాకా లేవనంటా ఉండాది."