మొహమాటం నేర్చిన యంత్రం

చంద్రుడి మీది గణిత పరిషత్తులో పొద్దున్నే కాఫీకంటే ముందు తర్కమ్మ దగ్గర వరుస కడతారు. తర్కమ్మ అంటే రుజువుల్లో తప్పులు పట్టే యంత్రం, ప్రూఫ్ వెరిఫయర్. మొదట్లో "తప్పు" అని ఒక్కముక్కలో తేల్చేసేది. లెక్క తప్పినవాళ్ళకి లెక్కలేనన్ని కన్నీళ్ళు! చూడలేక ఇంజనీర్లు దానికి 'మొహమాటిక' అనే సాఫ్ట్‌వేర్ అమర్చారు. పరిషత్తు సభ్యులు తమలో తాము మాట్లాడుకునే తీరు వినిపించి మర్యాద నేర్పారు.

భ్రమరాంబకి సంఖ్యలతో సఖ్యం, మనుషులతో ముక్తసరి. ఇరవయ్యేళ్ళుగా ఒకే సిద్ధాంతాన్ని పట్టుకుని కూచుంది. నిన్న తర్కమ్మ ఆవిడ రుజువు చూసి "బ్రహ్మాండం!" అంది. ఈ సాయంత్రం సన్మానం.

సభకి గంట ముందు ఆవిడ కాగితాలు ఊరికే తిరగేస్తూ గతుక్కుమంది. మామూలు సంఖ్యల్లో ఆరుని కారణాంకాలుగా పగలగొడితే రెండూ మూడే వస్తాయి. ఆవిడ పనిచేసే పెద్ద సంఖ్యావలయంలో, రింగ్ అంటారే, అందులో ఒకే సంఖ్య రెండు రకాలుగా పగలొచ్చు. ఆ సంగతే మర్చిపోయింది. రుజువు మొత్తం ఆ మరుపు మీదే నిలబడింది.

"తర్కమ్మా, ఇది నీకు కనబడలేదా?"

"కనబడిందండీ."

"మరి చెప్పవేం?"

"కొత్త చీర కట్టుకొచ్చి మరీ అడిగారు. ఆ మొహం చూసి ఎలా చెప్పనండీ?"

"ఎవరు నేర్పారే నీకీ బుద్ధి?"

"మీ వాళ్ళేనండీ."

ఈ మాటలు చెవిన పడి డైరెక్టర్ ఇస్సాకు పరుగున వచ్చాడు. "మేడమ్, శాలువా వచ్చేసింది, పులిహోర కలిపేశారు. రేపు చెబుదురుగాని!"

"రేపటినుంచి కుర్రాళ్ళు దీనిమీద థీసిస్‌లు కట్టుకుంటారయ్యా. కూలితే ఎవరి నెత్తిన? నా ఇరవయ్యేళ్ళు పోతే పోయాయి, వాళ్ళవి పోకూడదు."

వేదికెక్కి మైకు అందుకుంది. "నా రుజువు తప్పు."

ఎవరూ ఉలిక్కిపడలేదు. ఆవిడకి అదే వింతగా తోచింది.

"ఈ సభకి ముందే దీన్ని చదివినవాళ్ళు చేతులెత్తండి."

సగం హాలు ఎత్తింది. ముందు వరసలో ఇస్సాకు కూడా.

"చదివినప్పుడు తప్పు కనబడనివాళ్ళు దించండి."

ఒక్క చెయ్యీ దిగలేదు.